కోలుకున్నాక కూడా ఆడవద్దన్న సలహా: ఒక అంతర్జాతీయ రగ్బీ ఆటగాడి కేసు

ఈ కేసును ఆటగాడి అనుమతితోనే రాస్తున్నాను. ఆయన దేశం, క్లబ్బులు, ఆడిన సంవత్సరాలు, కుటుంబ వివరాలు కొన్ని వదిలేశాను, కొన్ని మార్చాను. వైద్యపరమైన నిర్ణయాలకు ఆధారమైన విషయాలను మాత్రం ఉన్నవి ఉన్నట్టే ఉంచాను. నేను క్రీడా వైద్యుణ్ణి. ఏ క్లబ్బుకూ, ఏ జాతీయ జట్టుకూ పనిచేయను. తలకు దెబ్బ తగిలాక లక్షణాలు ఎంతకీ తగ్గని ఆటగాళ్లను వాళ్ల క్లబ్బు వైద్యులు నా దగ్గరికి పంపుతుంటారు. ఈ కేసును ప్రత్యేకంగా ఎంచుకోవడానికి కారణం ఉంది. ఇందులో చికిత్స ఫలించింది, ఆటగాడు లక్షణాలన్నీ పోయి పూర్తిగా కోలుకున్నాడు, అయినా మళ్లీ మైదానంలోకి దిగవద్దని చెప్పవలసి వచ్చింది. బాగైనవాణ్ణి ఆడవద్దని ఎందుకంటున్నామో ఆయనకు నచ్చజెప్పడం చికిత్స కంటే కష్టమైంది.

నేపథ్యం

నా దగ్గరికి వచ్చేనాటికి ఆయనకు ముప్పయ్యేళ్లు దాటాయి. జాతీయ జట్టు తరఫున 50కి పైగా టెస్టులు, అంటే అంతర్జాతీయ మ్యాచులు, ఆడారు. ఆయన ఓపెన్‌సైడ్ ఫ్లాంకర్, అంటే 7వ నంబరు ఆటగాడు. రగ్బీతో పరిచయం లేనివారి కోసం ఈ స్థానం గురించి కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే మెడకూ తలకూ జరిగిన నష్టమంతా ఈ పనిలోనే ఉంది. జట్టులోని పదిహేనుమందిలో అందరికంటే ఎక్కువ ట్యాకిళ్లు చేసేవాళ్లలో, అంటే బంతి పట్టుకుని పరుగెత్తే ప్రత్యర్థిని చేతులతో, భుజంతో అడ్డుకుని కిందపడేసేవాళ్లలో, ఫ్లాంకర్ ఒకడు. 80 నిమిషాల మ్యాచ్‌లో పదిహేను, ఇరవై ట్యాకిళ్లు చేయడం అతనికి మామూలే. బంతి ఉన్న ప్రత్యర్థి కిందపడగానే అతను కాళ్ల మీద నిలదొక్కుకుని, నడుము వంచి, నేల మీది బంతిని రెండు చేతులతో లాక్కోవాలి. ఆ క్షణంలో తల మోకాళ్ల ఎత్తుకు దిగి ఉంటుంది, చేతులు రెండూ బంతి మీద ఉంటాయి కాబట్టి అడ్డు పెట్టుకోవడానికి ఏమీ ఉండదు, మెడ వెనుక భాగం పూర్తిగా బయటపడి ఉంటుంది. సరిగ్గా అప్పుడే వంద కిలోలు దాటిన ప్రత్యర్థులు పరుగెత్తుకొచ్చి భుజాలతో ఢీకొట్టి అతన్ని అక్కడి నుంచి ఊడదీయాలని చూస్తారు.

ప్రొఫెషనల్ రగ్బీలో తల దెబ్బల మీద 2017లో వచ్చిన ఒక పెద్ద విశ్లేషణలో, తల పరీక్ష అవసరమైన 611 ఘటనలను వీడియోల్లో చూసినప్పుడు, వాటిలో నాలుగింట మూడు వంతులు ట్యాకిల్‌లోనే జరిగాయనీ, వాటిలోనూ 70 శాతానికి పైగా దెబ్బ తగిలింది బంతి ఉన్నవాడికి కాక ట్యాకిల్ చేసినవాడికేననీ తేలింది. ఫ్లాంకర్‌గా బతకడమంటే ఏమిటో ఈ లెక్కను బట్టే తెలుస్తుంది.

1995 ఆగస్టులో రగ్బీ యూనియన్ అనే ఈ పదిహేనుమంది ఆటలో ఆటగాళ్లకు డబ్బు చెల్లించడానికి అనుమతి వచ్చింది. అంతకు ముందు తరంవాళ్లు ఉపాధ్యాయులుగానో, పోలీసులుగానో, రైతులుగానో పనిచేసుకుంటూ ఆడేవారు. ఈయన తరానికి ఆ అవసరం లేకపోయింది, ఆ అవకాశమూ లేకపోయింది. పద్దెనిమిదేళ్లకే అకాడమీలో చేరిన ఆయన వేరే పనేదీ నేర్చుకోలేదు. ఈ విషయం వైద్య చరిత్రలో ఎందుకు రాయాలని కొందరు సహోద్యోగులు అడుగుతుంటారు. లక్షణాలు దాచిపెట్టే ఆటగాడికి ఆ దాపరికం వల్ల దక్కేదేమిటో తెలియకుండా అతని సమాధానాలను బేరీజు వేయడం కుదరదని నేను గట్టిగా నమ్ముతాను.

ఆయన ఫైలులో నమోదైన కంకషన్లు, అంటే తలకు దెబ్బ తగిలి మెదడు పనితీరు తాత్కాలికంగా చెదిరిన ఘటనలు, నాలుగు. నింపాదిగా, చాలా సంభాషణల తర్వాత తేలిన సంఖ్య దానికి రెట్టింపు. మొదటిది పాఠశాల రోజుల్లో జరిగింది, దానికి ఎక్కడా రికార్డు లేదు. మైదానం నుంచి ఆటగాణ్ణి తీసుకెళ్లి తలను పరీక్షించే పద్ధతి 2012లో ప్రయోగాత్మకంగా మొదలైనప్పుడు అందుకు ఇచ్చిన వ్యవధి 5 నిమిషాలే. ఇప్పుడది 12 నిమిషాలు. ఆయన కెరీర్ మొదటి సంవత్సరాలు ఆ పద్ధతి కూడా లేని కాలంలో గడిచాయి. ఆ రోజుల్లో నిలబడగలిగినవాడు ఆడేవాడు.

వచ్చిన సమస్య

చివరి కంకషన్ మ్యాచ్‌లో జరిగింది కాదు. సాధనలో, సగం వేగంతో చేస్తున్న కసరత్తులో, సహచరుడి భుజం ఆయన చెవి పైభాగానికి తగిలింది. ఆయన కిందపడలేదు, స్పృహ తప్పలేదు, సాధన పూర్తి చేశారు. సాయంత్రం కూతురికి పుస్తకం చదివి వినిపిస్తుంటే పంక్తులు ఒకదాని మీదకు ఒకటి జారిపోయాయి. మర్నాడు తలనొప్పి, వికారం. క్లబ్బు వైద్యుడు వెంటనే ఆటనుంచి ఆపి, మెట్లవారీ పునరాగమన పద్ధతిలో పెట్టారు. 2022 జులై నుంచి ఆట అంతర్జాతీయ పాలక సంస్థ వరల్డ్ రగ్బీ నిబంధనల ప్రకారం, గతంలో కంకషన్లు ఉన్న ఆటగాడు కనీసం 12 రోజులు ఆటకు దూరంగా ఉండాలి. ఈయన అంతకు మూడింతలు ఆగినా, శరీరాలు తగలని సాధన మెట్టుకు వచ్చేసరికి రెండుసార్లూ లక్షణాలు తిరగబెట్టాయి. రెండోసారి ఆయన ఆ సంగతి చెప్పలేదు. పాస్ అందుకోవడానికి పక్కకు తిరిగినప్పుడు తూలడాన్ని ఫిట్‌నెస్ కోచ్ చూశాడు. దాంతో క్లబ్బు వైద్యుడు నాకు ఉత్తరం రాశారు.

మొదటి భేటీలో ఆయన నింపిన లక్షణాల పట్టికలో వచ్చిన మొత్తం 3. ఈ పట్టికలో 22 లక్షణాలుంటాయి, ప్రతిదానికీ సున్నా నుంచి 6 దాకా మార్కు వేసుకోవాలి, అంటే గరిష్ఠం 132. ఏ జబ్బూ లేని మనిషి కూడా నిద్ర చాలని రోజున 3 కంటే ఎక్కువే వేసుకుంటాడు. కాగితం మీది అంకె ఒకటి చెబుతుంటే, నా ఎదుట ఉన్న మనిషి ఇంకొకటి చెబుతున్నాడు. గదిలోకి రాగానే కిటికీకి వీపు పెట్టే కుర్చీ ఎంచుకున్నారు. పక్కన కూర్చున్న ఫిజియోథెరపిస్టు ఏదైనా అడిగితే మెడ తిప్పకుండా భుజాలతో సహా మొత్తం శరీరాన్ని తిప్పి జవాబిచ్చారు. లేచేటప్పుడు కుడిచేతి రెండు వేళ్లు బల్ల అంచు మీద ఆనించారు, ఎవరూ గమనించనంత తేలిగ్గా.

ఇక్కడ నా మొదటి నిర్ణయం పరీక్షలకు సంబంధించినది కాదు. ఆయన అబద్ధం చెబుతున్నారని నిలదీయడమా, లేక నిజం చెప్పడానికి ఆయనకు వీలు కల్పించడమా అన్నది తేల్చుకోవాలి. నిలదీస్తే ఆ రోజుకు నిజం బయటపడవచ్చు గానీ, తర్వాతి భేటీలన్నిటిలో ఆయన మరింత జాగ్రత్తగా దాచుకుంటారు. అందుకే చికిత్సనూ, ఆడడానికి అనుమతినీ విడదీశాం. చికిత్స బాధ్యత నాది. తిరిగి ఆడవచ్చా లేదా అన్న అభిప్రాయం ఆయనను అప్పటిదాకా చూడని ఇద్దరు నిపుణులది. నా గదిలో ఆయన చెప్పిన లక్షణాలు ఆయన సమ్మతి లేకుండా క్లబ్బుకు వెళ్లవనీ, చికిత్స ముగిసేదాకా అనుమతి ప్రస్తావనే రాదనీ ముందే రాసి ఇచ్చాం. ఆ మధ్యకాలంలో ఎవరూ ఆయనను మైదానంలోకి దించే ప్రమాదం లేదు కాబట్టే ఈ గోప్యత సాధ్యమైంది. ఆటగాడు ఇంకా ఆడుతూ ఉన్నట్టయితే ఇలాంటి హామీ ఇవ్వలేం, ఇవ్వకూడదు.

మూడో భేటీలో ఆయన అదే పట్టికను మళ్లీ నింపారు. మొత్తం 41 వచ్చింది. అప్పుడే ఇంకో సంగతి కూడా చెప్పారు. తల పరీక్షకు బయటికి తీసుకెళ్లినప్పుడు అడిగే ప్రశ్నలు ఆటగాళ్లందరికీ తెలుసు: ఇది ఏ మైదానం, ఇప్పుడు నడుస్తున్నది ఏ సగం, చివరగా స్కోరు చేసింది ఎవరు, పోయిన వారం ఎవరితో ఆడాం, గెలిచామా. మైదానం నుంచి లోపలి గదులకు వెళ్లే సొరంగం వైపు నడుస్తూ స్కోరుబోర్డు వైపు ఒకసారి చూసుకుంటే మూడు జవాబులు దొరుకుతాయని ఆయన చాలా మామూలుగా అన్నారు. ఆయనను తప్పుపట్టే ఉద్దేశంతో దీన్ని రాయడం లేదు. పద్నాలుగేళ్ల వృత్తి జీవితం నేర్పిన అలవాటు అది.

ప్రయత్నించినవి, ఫలించనివి

నా దగ్గరికి రాకముందే ఆయన విశ్రాంతి చికిత్స రెండు విడతలు పూర్తి చేశారు. మొదటి విడతలో చీకటి గది, ఫోన్ లేదు, టీవీ లేదు, నడక కూడా లేదు. తలనొప్పి కొంత తగ్గి, మంచం దిగగానే తిరిగొచ్చింది. ఒకప్పుడు ఇదే ప్రామాణిక సలహా. ఇప్పుడు కాదు. 2022లో ఆమ్‌స్టర్‌డామ్‌లో జరిగిన అంతర్జాతీయ నిపుణుల సమావేశం తర్వాత వెలువడిన ఏకాభిప్రాయ పత్రం, మొదటి 24 నుంచి 48 గంటలు మాత్రమే సాపేక్ష విశ్రాంతి (మంచానికే పరిమితం కాకుండా పనులు తగ్గించుకోవడం) తీసుకోవాలనీ, ఆ తర్వాత లక్షణాలను కొద్దిపాటి కంటే ఎక్కువగా రెచ్చగొట్టని స్థాయిలో నడక వంటివి మొదలుపెట్టాలనీ చెబుతుంది. రోజుకు నాలుగైదు గంటలు శ్రమించే శరీరాన్ని ఒక్కసారిగా మంచానికి కట్టేస్తే గుండె వేగం, రక్తపోటు, నిద్ర అన్నీ గతి తప్పుతాయి. ఆ తర్వాత కనిపించే తలతిప్పుడు దెబ్బదా, మంచందా అని తేల్చడం కష్టమవుతుంది. ఈయన విషయంలో కొంతభాగం మంచందే అయి ఉండాలి.

తలనొప్పికి రాత్రిపూట తక్కువ మోతాదులో ఇచ్చిన అమిట్రిప్టిలిన్ అనే మందు వల్ల నిద్ర బాగుపడింది. తలనొప్పి మాత్రం అలాగే ఉంది, పైగా పొద్దున మత్తు. నిద్ర ఒక క్రమానికి వచ్చాక దాన్ని నెమ్మదిగా ఆపేశాం.

ఆ తర్వాత వ్యాయామ సహనాన్ని కొలిచాం. బఫెలో విశ్వవిద్యాలయంలో రూపొందిన ట్రెడ్‌మిల్ పరీక్షలో వేగం మార్చకుండా, నిమిషానికి ఒక శాతం చొప్పున వాలు పెంచుతూ పోతారు. లక్షణాలు స్పష్టంగా పెరిగిన చోట గుండె వేగాన్ని గుర్తిస్తారు. ఆయనకు అది నిమిషానికి 132. అంతర్జాతీయ ఫ్లాంకర్‌కు అది మెట్లు గబగబా ఎక్కినప్పటి వేగం. ఆ హద్దుకు 80 నుంచి 90 శాతం లోపల, రోజుకు 20 నిమిషాలు కదలని సైకిల్ తొక్కమన్నాం. మెడ, కంటి పరీక్షల కంటే దీన్ని ముందు పెట్టడానికి కారణం ఉంది. గుండె వేగం పెరగడమే తలనొప్పి తెప్పిస్తున్నంతకాలం, మెడ తిప్పించి చేసే ఏ పరీక్ష ఫలితాన్నీ నమ్మకంగా చదవలేం.

నాలుగు వారాల్లో హద్దు 170 దాటింది. సైకిల్ మీద ఆయన చెమటలు కక్కుతూ హాయిగా ఉన్నారు. అయితే పచ్చికలోకి దిగి, పరుగెత్తుతూ అటూ ఇటూ చూసి పాస్ అందుకోమనగానే, గుండె వేగం 120 దగ్గరే ఉన్నా కడుపులో తిప్పడం మొదలైంది. చికిత్స ఫలించలేదని ఆయన నిరుత్సాహపడ్డారు. నాకు మాత్రం ఈ తేడా ఎంతో పనికొచ్చింది. శ్రమ ఎక్కువైన చోట లక్షణం లేదు, తల కదిలిన చోట శ్రమ తక్కువైనా లక్షణం ఉంది. అంటే మిగిలిన సమస్య గుండె, రక్తప్రసరణల నియంత్రణలో లేదు. అది మెడలోనో, లోపలి చెవి సమతౌల్య వ్యవస్థలోనో, కళ్ల సమన్వయంలోనో ఉంది.

ఫలించినది

ఇప్పుడు చేసిన పరీక్షలు అర్థవంతంగా వచ్చాయి. కలం మొనను ముక్కు వైపు తెస్తుంటే అది రెండుగా కనిపించే దూరం మామూలుగా 5 సెంటీమీటర్ల లోపు ఉండాలి. ఆయనకు 14 దగ్గరే రెండు మొనలు కనిపించాయి. చూపును ఒక అక్షరం మీద నిలిపి తలను అడ్డంగా ఊపితే అక్షరం చెదిరింది. మెడను పూర్తిగా ముందుకు వంచి పక్కకు తిప్పినప్పుడు ఎడమవైపు కదలిక బాగా తగ్గింది. పుర్రె కిందుగా, మెడ పైభాగంలోని కీళ్ల దగ్గర వేలితో నొక్కితే కంటి వెనక వచ్చే ఆయన నొప్పి అచ్చంగా అదే వచ్చింది. ‘ఇదే నొప్పి, ఇదే’ అన్నారు. కొన్ని నెలలుగా మెదడు నొప్పి అనుకుని భయపడుతున్న మనిషికి, అందులో పెద్ద భాగం మెడదని చేత్తో నొక్కి చూపించగలగడం చికిత్సలో సగం పని చేసింది.

మెడకు చేత్తో చేసే చికిత్సనూ, సమతౌల్య వ్యాయామాలనూ కలిపి ఇవ్వడం మీద 2014లో కెనడా పరిశోధకులు ప్రచురించిన ఒక యాదృచ్ఛిక పరీక్ష (రోగులను చీటీ తీసినట్టు రెండు గుంపులుగా విడదీసి పోల్చేది) ఉంది. అందులో ఆ చికిత్స పొందినవారిలో 73 శాతం మందికి 8 వారాల్లో ఆడేందుకు వైద్య అనుమతి లభించగా, పోల్చిచూసిన రెండో గుంపులో 7 శాతం మందికే లభించింది. పాల్గొన్నది 31 మందే కాబట్టి ఆ అంకెలను అక్షరాలా నమ్మక్కర్లేదు గానీ, ఇలాంటి రోగికి దారి అదేనని చెప్పడానికి చాలు. ఫిజియోథెరపిస్టు వారానికి రెండుసార్లు మెడ కీళ్ల మీద పనిచేశారు. ఇంట్లో ఆయన రోజుకు మూడుసార్లు, చేయి చాచినంత దూరంలో గోడకు అంటించిన ఒక అక్షరాన్ని చూస్తూ, లయయంత్రం (మెట్రోనోమ్) టక్కుమన్నప్పుడల్లా తలను అడ్డంగా తిప్పాలి. మొదట నిమిషానికి 60 సార్లు కూడా కాలేదు. నెల తిరిగేసరికి ఖాళీ గోడ మీద నుంచి గళ్ల గుడ్డ మీదకు అక్షరాన్ని మార్చి, ఒంటికాలి మీద నిలబెట్టి, 120 దాకా తీసుకెళ్లాం.

ఆయన చెప్పే లక్షణాలతో పాటు ఆయన భార్య పరిశీలనలనూ, ఆయన సమ్మతితోనే, ప్రతి రెండు వారాలకు ఒకసారి విడిగా విన్నాం. తలనొప్పి ఉందా అని ఆమెను అడగడంలో అర్థం లేదు, ఆమెకు తెలిసేది కాదు. పిల్ల అల్లరి చేస్తే ఎంతసేపట్లో గది వదిలి వెళుతున్నారు, జనం ఉన్న దుకాణంలో ఎంతసేపు ఉండగలుగుతున్నారు, ఒక విషయాన్ని రెండోసారి అడుగుతున్నారా అని అడిగాం. ఈ సమాచారం పట్టిక కంటే నమ్మదగినదని తేలింది. ఆయన మనసు బాగోలేదని కూడా ఆమె ద్వారానే ముందు తెలిసింది. ఆత్మహత్య ఆలోచనల గురించి ఆయనను సూటిగా అడిగాం. లేవన్నారు. క్రీడా మనస్తత్వవేత్తను వెంటనే కలిపాం.

రెండున్నర నెలలకు మెడ కదలిక సమానమైంది, కలం మొన 6 సెంటీమీటర్ల దాకా ఒక్కటిగానే కనిపించింది, పూర్తిగా అలిసిపోయేదాకా ట్రెడ్‌మిల్ ఎక్కినా ఏ లక్షణమూ రాలేదు. ఎం.ఆర్.ఐ. మొదటినుంచీ మామూలుగానే ఉంది. జ్ఞాపకశక్తి, ఏకాగ్రత పరీక్షలు ఆయన వయసుకూ చదువుకూ తగ్గట్టే వచ్చాయి.

అసలు నిర్ణయం

క్లబ్బు, జాతీయ జట్టు, ఆటగాడు, ముగ్గురూ ఇప్పుడు ఒకే ప్రశ్న అడిగారు: లక్షణాలు పోయాయి కదా, ఆపడానికి కారణమేమిటి?

ఇలాంటి చోట ఆసరాగా నిలిచే స్కాన్ గానీ, రక్తపరీక్ష గానీ లేదు. ఎన్ని కంకషన్ల తర్వాత ఆపాలో చెప్పే సంఖ్య కూడా లేదు. వరుసగా వచ్చిన దెబ్బల ధోరణిని చూడడం ఒక్కటే మన చేతిలో ఉన్నది. దెబ్బల మధ్య వ్యవధి తగ్గుతోందా, కంకషన్ తెప్పించడానికి కావలసిన బలం తగ్గుతోందా, కోలుకోవడానికి పట్టే కాలం పెరుగుతోందా అన్నవే ఆ ప్రశ్నలు. ఈయనలో మూడింటికీ జవాబు అవును. ఇరవై రెండేళ్లప్పుడు తలకు మోకాలు తగిలి స్పృహ తప్పిన దెబ్బ నుంచి వారంలో లేచిన మనిషికి, ఇప్పుడు సగం వేగంతో తగిలిన భుజం నుంచి కోలుకోవడానికి అర సంవత్సరం పట్టింది.

ప్రత్యామ్నాయాలనూ గట్టిగానే పరిశీలించాం. ట్యాకిల్ పద్ధతి మార్చవచ్చా అని చూడడానికి, ప్రత్యర్థి లేకుండా దిండ్ల మీద, ఒక నైపుణ్య కోచ్‌తో కొన్ని వారాలు పనిచేయించాం. పాత మ్యాచుల వీడియోల్లో ఆయన ఎడమ భుజంతో ట్యాకిల్ చేసినప్పుడు తల తరచు తప్పు వైపున, అంటే పడిపోయే శరీరానికి ముందు ఉండిపోతోంది. తాజాగా ఉన్నప్పుడు దాన్ని సరిదిద్దుకోగలిగారు. అలిసిపోయేలా పరుగెత్తించి వెంటనే చేయిస్తే తల మళ్లీ పాత చోటికే వెళ్లింది. మ్యాచ్‌లో చివరి 20 నిమిషాలు ఎవరికైనా అలసటలోనే గడుస్తాయి. ఇక స్థానం మార్చడం అన్న ఆలోచన ముప్పయ్యేళ్లు దాటిన ఫ్లాంకర్ విషయంలో ఆచరణకు నిలవలేదు. కంకషన్ తర్వాత అదే సీజన్‌లో తిరిగి ఆడినవారికి ఇతర గాయాల ముప్పు కూడా 60 శాతం ఎక్కువని ఇంగ్లండ్ ప్రొఫెషనల్ ఆటగాళ్ల మీద 2016లో వచ్చిన అధ్యయనం చూపింది.

దీర్ఘకాలిక ముప్పు గురించి ఆయనే అడిగారు. 2003 ప్రపంచకప్ గెలిచిన ఇంగ్లండ్ హుకర్ (ముందు వరుస మధ్యలో ఆడేవాడు) స్టీవ్ థాంప్సన్ తనకు చిన్న వయసులోనే డిమెన్షియా (మతిమరుపు వ్యాధి) వచ్చిందనీ, ఆ కప్పు గెలవడం కూడా గుర్తులేదనీ 2020 డిసెంబరులో బయటపెట్టినప్పటి నుంచి ఈ భయం ఆటగాళ్లందరిలో ఉంది. స్కాట్లండ్‌కు ఆడిన 412 మంది మాజీ అంతర్జాతీయ ఆటగాళ్లను 1,236 మంది సాధారణ పౌరులతో పోల్చి 2022లో ప్రచురించిన అధ్యయనం గురించి చెప్పాను. ఆటగాళ్లలో మెదడు క్షీణత వ్యాధుల ముప్పు రెండున్నర రెట్లకు పైగా ఉందనీ, బంతి కోసం దగ్గరగా పెనుగులాడే ఫార్వర్డ్‌లకూ, వెనుక విస్తరించి పరుగెత్తే బ్యాక్‌లకూ ఆ ముప్పులో తేడా కనిపించలేదనీ, మొత్తం మరణాలు మాత్రం ఎక్కువ కాలేదనీ వివరించాను. ఇది గుంపు గురించిన సమాచారమే తప్ప ఆయన జాతకం కాదనీ, పదేపదే తగిలే దెబ్బలతో ముడిపెట్టే మెదడు వ్యాధిని బతికి ఉండగా ఖచ్చితంగా నిర్ధారించే మార్గం లేదనీ కూడా చెప్పాను.

అంకెలు ఆయనను కదిలించలేదు. ‘ప్రతి శనివారం నా మోకాలు పోయే అవకాశం అంతకంటే ఎక్కువ, అయినా ఆడాను కదా’ అన్నారు. ఆయన వాదనలో తర్కం ఉంది. ముప్పుతో బేరమాడడమే వృత్తిగా బతికిన మనిషికి మరో ముప్పు శాతం చెబితే దాన్నీ పాతవాటి పక్కనే పెడతాడు. అందుకని అంకెలు ఆపేసి, తన దెబ్బల పట్టికను తన చేత్తో తననే రాయమన్నాను. ఏ సంవత్సరం, ఏం తగిలింది, ఎంత వేగంతో, ఎన్నాళ్లకు బాగైంది. ఇంటికి తీసుకెళ్లి రాసుకొచ్చారు. నాకు తెలియనివి కూడా అందులో రెండు ఉన్నాయి. పట్టిక నాకిచ్చేముందు చివరి రెండు వరుసల మీద వేలు పెట్టి, ‘సాధనలో ఇలా తగిలిందంటే మ్యాచ్‌లో నేను బంతి మీద వంగినప్పుడు ఏమవుతుందో నాకు తెలుసు’ అన్నారు. నేను చెప్పదలచుకున్నదే అది.

ఇద్దరు స్వతంత్ర నిపుణులు ఒకరి అభిప్రాయం ఒకరికి తెలియకుండా పత్రాలు పరిశీలించి, ఆయనను స్వయంగా చూసి, ఇద్దరూ శరీరాలు తగిలే ఆట ఆడవద్దనే రాశారు. ఆ ఉత్తరం మాటలను ఎంచడంలో చాలా జాగ్రత్త తీసుకున్నాం. ‘ఆటగాడు విరమించుకోవాలని నిర్ణయించుకున్నారు’ అని ఉంటే, కెరీర్ ముగింపు బీమా చెల్లింపుకు అడ్డంకి కావచ్చు. అంతకంటే ముఖ్యంగా, జట్టును తానే వదిలేశానన్న భారం ఆయన మీద పడుతుంది. అందుకే ఇది వైద్య సలహా మీద జరిగిన విరమణ అని, సలహా ఇచ్చినవాళ్లు ఎవరో పేర్లతో సహా స్పష్టంగా రాశాం. బహిరంగ ప్రకటన మాత్రం ఆయన ఇష్టానికి వదిలేశాం.

విరమణ తర్వాత

మొదటి రెండు నెలలు ఆశ్చర్యపోయేంత తేలిగ్గా గడిచాయి. సీజన్ ముందు సాధన మొదలయ్యే వారంలో ఆయన కుంగిపోయారు. ఇది ముందుగానే ఊహించదగినది కాబట్టి మనస్తత్వవేత్త ఆ వారానికి అదనపు భేటీలు పెట్టి ఉంచారు. నేను సైకిల్ వ్యాయామాన్ని ఆపనివ్వలేదు. ఆటగాడికి దినచర్య ఇచ్చేది సాధనే కాబట్టి, ఆట పోయినా పొద్దున ఏడు గంటల శ్రమ మిగలాలి. పాత క్లబ్బులో వెంటనే కోచింగ్ ఉద్యోగం వచ్చింది. దాన్ని ఒక సంవత్సరం వాయిదా వేయమన్నాం. అదే గదిలో, అదే మనుషుల మధ్య ఉంటూ ఆడకుండా ఉండగలగడానికి ఆయన అప్పుడు సిద్ధంగా లేరని మనస్తత్వవేత్త అభిప్రాయపడ్డారు. ఆ ఏడాది ఆయన యువ ఆటగాళ్లకు ట్యాకిల్ నేర్పారు, తల ఏ వైపున ఉండాలో ప్రత్యేకంగా.

ఈ కేసు నేర్పినవి

లక్షణాల పట్టికలోని అంకె, ఆటగాడి మెదడు స్థితితో పాటు ఆ అంకె ఎవరి చేతికి వెళుతుందన్న అతని అంచనాను కూడా చూపిస్తుంది. అదే మనిషి, మూడు భేటీల తేడాలో, 3 నుంచి 41కి వెళ్లాడు. మధ్యలో జబ్బు ముదరలేదు, ఏర్పాటు మారింది. చికిత్స చేసేవాడూ అనుమతి ఇచ్చేవాడూ ఒకరే కావడం చాలా క్లబ్బుల్లో తప్పనిసరి అవుతోంది, అక్కడ పనిచేసే వైద్యులకు ఇంత వెసులుబాటు ఉండదని తెలుసు. కనీసం దీర్ఘకాలం కోలుకోనివారి విషయంలోనైనా ఈ రెండు పాత్రలను వేరుచేయమని క్లబ్బు యాజమాన్యాలను అడగాలి.

ఎంతకీ తగ్గని లక్షణాలన్నిటినీ ‘కంకషన్ తర్వాతి స్థితి’ అన్న ఒక్క పేరు కింద పెట్టి విశ్రాంతి రాయడం వల్ల ఈ మనిషి నెలలు పోగొట్టుకున్నాడు. ఏది శ్రమతో వస్తోంది, ఏది తల తిప్పితే వస్తోంది, ఏది చదివితే వస్తోంది అని విడగొట్టి చూస్తే, చికిత్స ఉన్న భాగాలు బయటపడతాయి. ఫ్రంట్ రో, బ్యాక్ రో (ఫార్వర్డ్‌ల ముందు, వెనుక వరుసలు; ఫ్లాంకర్ వెనుక వరుసవాడే) ఆటగాళ్లలో మెడను చేత్తో పరీక్షించకుండా ఏ తలనొప్పినీ మెదడుకు అంటగట్టకూడదు.

మొదటి భేటీలోనే నేను ఇప్పుడు ఒక మాట చెబుతున్నాను: మిమ్మల్ని బాగుచేయడానికి ప్రయత్నిస్తాం, బాగయ్యాక ఆడవచ్చా అన్నది అప్పుడు వేరేగా చూస్తాం. ఈ మాట ముందు చెప్పకపోతే, చికిత్సలో ప్రతి మెరుగుదలనూ ఆటగాడు మైదానానికి ఒక మెట్టుగా లెక్కపెట్టుకుంటాడు. చివర్లో వద్దంటే అది నమ్మకద్రోహంలా వినిపిస్తుంది. ఈయనకు మొదట్లోనే చెప్పి ఉంచాం కాబట్టే చివరి సంభాషణ కోపంతో ముగియలేదు.

ప్రస్తుతం ఆయనను సంవత్సరానికి ఒకసారి చూస్తున్నాను. జ్ఞాపకశక్తి పరీక్షలను ప్రతిసారీ చేయడం లేదు, వాటివల్ల భయం పెరగడం తప్ప చికిత్స మారదు. ఆయన గానీ, భార్య గానీ మార్పు గమనించినప్పుడే చేస్తాం. రక్తపోటు, వినికిడి, నిద్ర, మద్యం, బరువు మాత్రం తప్పకుండా చూస్తాం, ఎందుకంటే డిమెన్షియా ముప్పులో మన చేతిలో ఉన్న భాగం అక్కడే ఉంది. ఆడే రోజుల్లో 104 కిలోలున్న శరీరానికి అలవాటైన తిండి ఆట ఆగాక కూడా అలాగే కొనసాగింది, కిందటి భేటీలో రక్తపోటు హద్దు దాటింది. ప్రస్తుతం మేం పనిచేస్తున్నది దాని మీదే.